తొట్టెల మీద కంకర

అంగన్‌వాడీ టీచరు పాపను తూకం మీద నుంచి తీసి నా చేతిలో పెట్టి, "ఎనిమిది కిలోల వంద" అంది. పోయిన నెలా ఎనిమిది కిలోల వందే. నెల రోజులు పొద్దున రాగిజావ, మధ్యాహ్నం మెత్తటి పప్పన్నం, సాయంత్రం గుడ్డు పెట్టాను. అదంతా ఎక్కడికి పోయిందో నాకు అర్థం కాలేదు.

"ఎండలకు పిల్లలు తినరమ్మా. ఊకె పరేషాన్ గాకు" అంది టీచరు.

కాకుండా ఎలా ఉంటాను? శ్రీనిధి పుట్టినప్పుడు కిలో తొమ్మిది వందలు. పద్దెనిమిది రోజులు దవాఖానలో గాజుపెట్టెలో పెట్టారు. పొద్దుటికీ సాయంత్రానికీ ఇరవై గ్రాములు పెరిగిందని నర్సు చెబితే, నేనూ మా ఆయన బాలరాజూ వరండాలో కూర్చుని ఏడ్చాం. ఇప్పుడు పాపకు పదమూడు నెలలు. అయినా ఆ అలవాటు పోలేదు. ఏ వస్తువు చేతిలోకి తీసుకున్నా ముందు దాని బరువే తోస్తుంది నాకు.

పాపను చంకనెత్తుకుని సందులోకి వచ్చేసరికి ఇంటి ముందు ట్రాక్టరు ఆగి ఉంది. నాంపల్లి స్టేషను వెనక సందులో మేం కిరాయికి ఉండే ఆ ఇల్లు శ్యామ్‌సుందర్ సేటుది. కింద ఆయన గోదాము. మధ్య అంతస్తులో ఆయన కుటుంబం. ఆ పైన సేటు పాత సామాను గదులు, వాటి పక్కన మా ఒక్క గది, దానికి ఆనుకుని వంటమూల. మా పైన మిద్దె. సేటు తాత కట్టించిన ఇల్లు కాబట్టి పైకప్పు ఇప్పటి స్లాబు కాదు. ఇనుప గర్డర్లు అడ్డంగా వేసి, వాటి మీద షాబాదు బండలు పరిచి, పైన సున్నం గచ్చు కొట్టారు. చాప మీద పడుకుని చూస్తే బండకూ బండకూ మధ్య గీతలు కనిపిస్తాయి. నడిమి గర్డరుకు ఉన్న కొక్కేనికి చీర కట్టి పాపకు తొట్టెల వేశాను.

ట్రాక్టరు నిండా తెల్లటి గులకరాళ్ళు. సేటు కూతురు స్నేహ మిద్దె మీద తోట వేస్తానని నెల నుంచి అంటోంది. ఫోనులో వీడియోలు చూసి, కుండీల మధ్య తెల్లరాళ్ళు పరిస్తే ఎంత బాగుంటుందో నాకూ చూపించింది. మోయడానికి మనుషులు కావాలంటే నన్ను కన్న మా అవ్వ యాదవ్వను పిలిపించింది నేనే. అవ్వ పొద్దున్నే కూలీల అడ్డా మీద నిలబడుతుంది. ముప్ఫై ఏళ్ళుగా ఈ పట్నంలో కంకరా ఇసుకా మోస్తోంది. మనవరాలి ఇంట్లో పనంటే పరుగెత్తుకుంటూ వచ్చింది, ఇంకో ఇద్దరిని వెంటబెట్టుకుని.

రెండు రోజులు మోశారు. కింద ఒకామె పారతో తట్ట నింపితే, నెత్తిన చుట్టబట్ట పెట్టుకుని అవ్వా, ఇంకొకామే మా గుమ్మం ముందు నుంచి మెట్లెక్కేవారు. ఇద్దరివీ కలిపి పది తట్టలకు ఒక రాయి తీసి అవ్వ కొంగున కట్టుకునేది. లెక్క తప్పితే మేస్త్రీలు ఇంకో పది తట్టలు మోయిస్తారని ఆమెకు ఎప్పటి నుంచో ఉన్న పద్ధతి అది. ప్రతి పదో తట్టకూ మా గుమ్మంలోకి తల పెట్టి, "బంగారీ" అని పాపను ఒక మాట పిలిచి పోయేది.

రాళ్ళు పరచడానికి ముందు మిద్దెకంతా నీళ్ళు దిగకుండా పూత వేయాలట. ఆ పూత పనివాడు వారం తర్వాత వస్తానన్నాడు. అంతదాకా రాళ్ళను ఒక పక్కన కుప్ప పోయమని స్నేహ చెప్పింది. ఎక్కడన్నది చెప్పలేదు. ఎక్కడ పోయాలో అవ్వే చూసుకుంది.

రెండో రోజు పని అయ్యాక అవ్వ మా గదిలో కాళ్ళు చాపుకుని కూర్చుని నీళ్ళు తాగుతూ అంది.

"ఎండకు నీ ఇల్లు పెనం లెక్క కాలుతున్నది. పిల్లకు వొళ్ళంత చెమటకాయలు. అందుకే మొత్తం నీ గది మీదనే పోయించిన. గంత మందం రాయి ఉన్నంక ఎండ దిగుతదా?"

"స్నేహ ఏమనలేదా అవ్వా?"

"ఆ పిల్ల ఏమంటది, ఒక మూలకు పొయ్యమన్నది. నేను మూలనే చూసిన. నా బిడ్డ మూల."

నిజంగానే ఆ మధ్యాహ్నం గది చల్లబడింది. బండ మీద చెయ్యి పెట్టినట్టుండే వేడి లేదు. పాప తొట్టెల్లో మూడు గంటలు కదలకుండా పడుకుంది. లేచి గిన్నెడు పప్పన్నం తింది. అవ్వ తెలివికి నాకు ఎంత సంతోషమేసిందో.

మూడో రోజు పొద్దున పాపను లేపబోతే, దాని కనురెప్ప మీద తెల్లగా ఏదో కనిపించింది. పౌడరేమో అనుకున్నాను. వేలితో తీసి చూస్తే సున్నం. తొట్టెల చీర మడతలో చిటికెడు ఉంది. తలెత్తి చూశాను. బండలు ఎప్పటిలాగే ఉన్నాయి. గీతలూ ఎప్పటిలాగే ఉన్నాయి.

"పాత ఇల్లన్నప్పుడు సున్నం రాలదా?" అన్నాడు బాలరాజు, ఆటో తాళంచెవి వెతుక్కుంటూ.

"రెండేండ్ల నుంచి రాలనిది ఇయ్యాలనే ఎందుకు రాలింది?"

"నీకు ప్రతిదీ భయమే. మొన్న పాప తుమ్మితే నిమోనియా అన్నవ్. రోజూ స్టేషన్ల చూస్తలేవా, పట్టాల కింద ఏముంటది? కంకరనే. రైలునే మోసేటి కంకర నీ ఇంటిని కూలగొడ్తదా?"

నవ్వుకుంటూ పోయాడు. ఆయన అన్నదాంట్లో ఏదో తప్పుంది. అదేమిటో మెట్లు ఎక్కుతుండగా తెలిసింది. పట్టాల కింద కంకర ఉంటుంది, కంకర కింద భూమి ఉంటుంది. మా కంకర కింద మేమున్నాం.

మిద్దె మీదికి పాపతో వెళ్ళి నిలబడ్డాను. కుప్ప నా నడుము దాకా ఉంది. కొత్త ఎండలో తెల్లగా, కళ్ళు చెదిరేటట్టు మెరుస్తోంది. ఒక రాయి తీసుకున్నాను. కుంకుడుకాయంత ఉంది. నున్నగా, చల్లగా ఉంది. బరువే లేదు. పాప కూడా ఒకటి తీసి నోట్లో పెట్టుకోబోతే చటుక్కున లాక్కున్నాను. గుప్పెడు తీసుకున్నాను. అప్పుడు చేతికి కాస్త తెలిసింది. రెండు చేతులా తీసుకుంటే మణికట్లు కిందికి లాగాయి. ఇదే కదా అంతా అనుకుని కుప్ప వైపు చూశాను. ఒక్కటిగా ఏమీ లేనిది అన్నీ కలిసి ఏమవుతుందో!

కుప్ప చుట్టూ అడుగులతో కొలిచి చూశాను. మా గదికి పైన సగానికి పైగా కుప్పే. గోడ వారన వాన నీళ్ళు పోయే గొట్టం మూతి దాని కింద పూడిపోయింది. మృగశిర ఇంకో నాలుగు రోజులుంది. పొద్దున ఫోనులో, ఈసారి వానలు ముందే అని చెబుతున్నారు.

అవ్వకు ఫోను చేశాను. "ఎన్ని తట్టలు మోసిన్రవ్వా?"

"ఇరవై రాళ్ళ మీద నాలుగు తట్టలు. ఎందుకు?"

రెండు వందల నాలుగు.

కూలీలు ఒక తట్టను మెట్ల దగ్గరే వదిలి పోయారు. మా ఇంట్లో సరిగ్గా లీటరు పట్టే స్టీలు పాలక్యాను ఉంది. క్యానుతో రాళ్ళు ముంచి తట్టలో పోస్తూ లెక్కపెట్టాను. అవ్వ మోసినట్టు గోపురంగా నిండేసరికి పద్నాలుగు క్యాన్లు పట్టాయి. తొమ్మిదో తరగతి సగంలో మానేసినదాన్నే అయినా హెచ్చవేతలు నాకు ఎప్పుడూ భయం లేదు. కాని ఒక్క క్యానెడు రాళ్ళ బరువెంతో తెలియాలి. లీటరు నీళ్ళయితే కిలో. రాయి అయితే?

బరువు గురించి అడగడానికి నాకు తెలిసిన ఒకే ఒక్క మనిషి మా సేటు. ఆయనది ఆబిడ్స్‌లో తూకాల దుకాణం. తాత జమానాలో ఇత్తడి తరాజులు అమ్మేవారు, ఇప్పుడు అంకెలు వెలిగే ఎలక్ట్రానిక్ కాంటాలు. పాపను ఒక చంకన, రాళ్ళ క్యాను ఇంకో చేతిలో పట్టుకుని బయల్దేరాను. పాప ఎనిమిది కిలోలు. క్యాను అందులో నాలుగో వంతు కూడా ఉండదు. కాని స్టేషన్ రోడ్డు దాటి ఆబిడ్స్ చౌరస్తా చేరేసరికి నా చేతికి పాప కంటే క్యానే బరువనిపించింది. పాప అయితే ఒంటిని కరుచుకుని ఉంటుంది. రాయి ఎవరినీ పట్టుకోదు. కిందికి లాగడం ఒక్కటే దాని పని.

దుకాణంలో సేటు, స్నేహ ఇద్దరూ ఉన్నారు.

"ఆవో బేటీ! పాపను జోకాల్నా?" అన్నాడు సేటు. నెలకోసారి నేను అంగన్‌వాడీ తూకం నమ్మక ఇక్కడికి రావడం ఆయనకు మామూలే. "ఈ పిల్ల బరువు పెరుగుతదో లేదో గాని, నువ్వు మా కాంటాలు అరగదీస్తవ్."

"పాపను కాదు సేట్. ఇవి."

క్యానులోకి తొంగి చూసి స్నేహ పకపకా నవ్వింది. "స్వర్ణక్కా, మన పెబుల్స్ దొంగతనం చేసి మనకే అమ్ముతున్నవా?"

నేను నవ్వలేదు. సేటు నా మొహం చూసి, క్యానును కాంటా మీద పెట్టాడు. ఎర్ర అంకెలు పరుగెత్తి ఆగాయి. ఒకటి, ఏడు, తొమ్మిది, సున్నా. రాళ్ళు బల్ల మీద పోసి ఉత్త క్యాను పెడితే రెండు వందల నలభై గ్రాములు. అంటే రాళ్ళు కిలో ఐదు వందల యాభై.

"సేట్, జర కాలిక్యులేటర్ కొట్టుండ్రి. తట్టకు పద్నాలుగు క్యాన్లు."

"ఇరవై ఒక కిలో ఏడు వందలు. ఔ, సరిపోయింది. ఆడోళ్ళు మోసేటి తట్ట గంతనే ఉంటది."

"రెండు వందల నాలుగు తట్టలు."

సేటు వేలు అంకెల మీద పడింది. తర్వాత ఆ వేలు అక్కడే ఉండిపోయింది. స్నేహ ఆయన భుజం మీది నుంచి చూసింది.

నాలుగు వేల నాలుగు వందల ఇరవై ఆరు కిలోల ఎనిమిది వందల గ్రాములు.

దుకాణం నిండా గోడలకు తూకాలే. చిన్న తరాజు నుంచి బియ్యం బస్తాల కాంటా దాకా. ఆ ఎనిమిది వందల గ్రాముల దగ్గర నా చూపు ఆగిపోయింది. అంత పెద్ద అంకెకు తోకలా వేలాడుతున్న ఆ కాస్త పెరగడానికి నా బిడ్డకు నెలలు పడుతోంది.

"నాలుగున్నర టన్నులు" అన్నాడు సేటు మెల్లగా. "అరే, ఆటో ఒకటి ఎంతుంటది? మూడు వందల డెబ్బై, అనుకో. పన్నెండు ఆటోలు."

"కాని నాన్నా, మొత్తం టెర్రస్‌కు ఒకటిన్నర అంగుళం వచ్చేటట్టే నేను ఆర్డర్ ఇచ్చిన. పరిస్తే ఏం గాదని షాపాయన గూడా చెప్పిండు" అంది స్నేహ. గొంతులో నవ్వు పోయింది.

"పరిస్తే గాదు స్నేహా" అన్నాను. "ఇప్పుడు మొత్తం మా గది మీదనే ఉన్నది. పాప తొట్టెల మీద. పొద్దున సున్నం రాలింది. నీళ్ళ గొట్టం గూడా మూసుకపోయింది. వాన పడితే ఇంకా బరువైతది."

"రాళ్ళు నీళ్ళు తాగవు కదక్కా. వానకు బరువెట్ల పెరుగుతది?"

సేటు రాళ్ళను మళ్ళీ క్యానులో అంచు దాకా నింపాడు. ఇంకో రాయి పెడితే జారి పడేలా నింపి, కాంటా మీద పెట్టి, తన మంచినీళ్ళ సీసా మూత తీసి పోయడం మొదలుపెట్టాడు. పొర్లిపోతుందని స్నేహ కాగితాలు పక్కకు జరిపింది. పొర్లలేదు. సీసాలో పావు వంతు పోయింది. ఎక్కడా నీళ్ళు కనిపించలేదు. ఇంకా పోశాడు. రాళ్ళ మధ్య గుటకలు వేస్తున్నట్టు చిన్న చప్పుడు వచ్చింది. నిండుగా ఉన్న క్యాను, వేలు దూర్చడానికి సందు లేని క్యాను, తాగుతూనే ఉంది. అంచున నీరు తళుక్కుమనేసరికి కాంటా మీద అంకె రెండు కిలోలు దాటింది. నాలుగు వందల గ్రాముల నీళ్ళు, చోటే లేదనుకున్న చోట.

తడిసిన రాళ్ళు రంగు మారాయి. తెల్లవి అనుకున్నవాటిలో ఒకటి లేత గులాబీ, ఒకటి తేనె రంగు, ఒకదాని ఒంటి మీద నల్లటి దారాలు. పాప వాటి వైపు రెండు చేతులూ చాచి కేరింత కొట్టింది. నాకు ఆ క్షణంలో భయం కూడా మరుపుకొచ్చింది. ఇంత చిన్న డబ్బాలో ఇంత దాగి ఉంటే, మా నెత్తి మీద ఎంత దాగి ఉందో!

సేటు లేచి షట్టరు కడ్డీ అందుకున్నాడు. "మూడు తరాలుగా ఊరందరికీ తూకాలు అమ్మినం. నా మిద్దె మీద ఏమున్నదో జోకలేదు. నడువుండ్రి."

అప్పటికి మధ్యాహ్నం రెండయింది. ఖైరతాబాద్ దిక్కున ఆకాశం బొగ్గులా ఉంది. అడ్డా మీద పొద్దున తప్ప మనుషులు దొరకరు. దారిలో బాలరాజుకు ఫోను చేశాను.

"తొట్టెల మీద పన్నెండు ఆటోలు నిలబెట్టినం" అన్నాను. మొదట తిట్టాడు, తర్వాత లెక్క విన్నాడు. స్టాండులోని ఇద్దరు స్నేహితులను తీసుకుని మా కంటే ముందే ఇంటికి చేరాడు. తొట్టెల విప్పి, చీర భుజాన వేసుకుని గుమ్మంలో నిలబడి ఉన్నాడు. గది లోపలికి నన్ను అడుగు పెట్టనివ్వలేదు. పాపను సేటు భార్య విద్యావతమ్మకు ఇచ్చి, ఆమెను బయట అరుగు మీద కూర్చోమన్నాం.

అవ్వ లక్డీకాపూల్ దగ్గర పనిలో ఉంది. ఫోను చేస్తే తట్టలూ పారా పట్టుకుని అరగంటలో వచ్చింది. విషయం చెబితే మొదట కోపం వచ్చింది ఆమెకు.

"నేను మోసిన రాయి. నాకు తెల్వదా దాని బరువు?"

"తట్ట బరువు తెలుసు అవ్వా. కుప్ప బరువు ఎవ్వరం చూడలే."

"ఎన్నడూ ఒక్క తట్టనే గద బిడ్డా నా మీద ఉండేది" అంది. అని, తన మాటే తనకు కొత్తగా వినిపించినట్టు ఆగింది. మెట్ల మీద నిలబడి పైకి చూసింది. మొహం మాడిపోయింది. "తొట్టెల మీద పోసిన్నా నేను?"

బాలరాజు పార పట్టుకుని కుప్ప మీదికి ఎక్కబోతే, అవ్వ కేక వేసింది.

"దిగు! దిగు అల్లుడా. నీ బరువు గూడా ఎందుకు దాని మీద? అంచు నుంచి తియ్యాలె. ఒక్కరే దగ్గరికి పోవాలె, మిగిలినోళ్ళు గోడల మీద నిలబడుండ్రి."

సేటు కూడా చెప్పులు విడిచి గోడ వారకు జరిగాడు. అవ్వ మిద్దె అంతా తిరుగుతూ మడమతో కొట్టి చూసింది. ఒకచోట డొల్ల చప్పుడు, ఒకచోట గట్టి చప్పుడు. గట్టిగా పలికిన చోటల్లా చేత్తో గీత గీసింది. "ఇక్కడ కింద గోడ ఉన్నది. గోడ మీద ఎంతైనా పొయ్యుండ్రి. నడిమిట్ల ఒక్క రాయి వద్దు."

అవ్వ ఒక్కతే కుప్ప దగ్గర కూర్చుని చేతులతో, పారతో తట్టలు నింపింది. మేం వరసగా గోడల మీద నిలబడి అందుకున్నాం. స్నేహ కుండీలు ఖాళీ చేసి వాటిలో మోసింది. సగం అయ్యాక చేతుల మీద మోయడం ఎవరి వల్లా కాలేదు. నేను చున్నీ చుట్టి నెత్తిన పెట్టుకున్నాను.

అవ్వ పార వదిలేసింది. "వద్దు. నా తట్ట నీ నెత్తి మీదికి రావద్దనే నిన్ను బడికి తోలిన."

నిజమే. పరంజి మీద నుంచి పడి ఆమె కాలు విరిగిన ఏడు నేను బడి మానేసి వంట నేర్చుకున్నాను. అయినా తట్ట మాత్రం ముట్టనివ్వలేదు.

"ఈ ఒక్కసారి ఎత్తు అవ్వా. వాన వస్తున్నది."

ఎత్తింది. ఇరవై ఒక కిలో ఏడు వందలు నా నడినెత్తి మీద దిగాయి. మెడ లోపలికి కూరుకుపోయిందనుకున్నాను. కళ్ళ ముందు మిద్దె ఒక్కసారి ఊగింది. మెడ నుంచి వెన్నులోకి, వెన్ను నుంచి మోకాళ్ళలోకి, అక్కడి నుంచి మడమల్లోకి ఆ బరువు ఒక్కో మెట్టూ దిగడం తెలిసింది. నా కింద గోడ ఉందో లేదో అప్పుడు పాదాలకే తెలుస్తోంది. పది అడుగులు వేసి ఒంపేసరికి చెవుల్లో హోరు. అవ్వ ఇలాంటివి మూడంతస్తులు ఎక్కి, ప్రతి పదో తట్టకూ నా గుమ్మంలో ఆగి, "బంగారీ" అని నవ్వింది.

ఆరు తట్టలు మోశాక లెక్క దానంతటదే మొదలైంది నాలో. రోజుకు యాభై తట్టలు. ఏడాదికి రెండు వందల రోజులే అనుకున్నా, ముప్ఫై ఏళ్ళు. మూడు లక్షల తట్టలు. అరవై ఐదు లక్షల కిలోలు. నాంపల్లిలో, ఆబిడ్స్‌లో, లక్డీకాపూల్‌లో నేను తలెత్తి చూసే మేడల్లో ఎన్నింటికి ఆ ఎముకల మీదుగా దారి పడిందో! ఐదడుగుల మనిషి. నలభై ఐదు కిలోలు ఉంటుందేమో. తలవంచుకుని, నా బిడ్డ మీద నుంచి ఒక్కో గుప్పెడూ తీస్తోంది. ఆమె వైపు చూడటానికే నాకు బెరుకు పుట్టింది.

"ఏం జూస్తున్నవ్, పట్టు!" అని కసిరింది అవ్వ.

ఐదు కావస్తుండగా అడుగు కనిపించింది. ముందు గొట్టం మూతి తేలింది. అవ్వ చీపురుతో మిగిలిన రాళ్ళు ఊడ్చింది. ఊడుస్తూ ఊడుస్తూ చెయ్యి ఆపింది.

గచ్చు మీద ఒక గీత. వెంట్రుకంత సన్నం. ఈ చివరి నుంచి ఆ చివరి దాకా, ఎక్కడా వంకర లేకుండా. సేటు బోర్లా పడుకుని గోరుతో తాకి చూశాడు.

"బండనే పలిగింది" అన్నాడు. "కట్టె అయితే వంగుతది, చప్పుడు చేస్తది, చెప్తది. షాబాదు బండ ఏం చెప్పదు."

గర్డరు కొక్కెం ఉన్నది సరిగ్గా ఆ గీతకు జానెడు దూరంలో. బాలరాజు రెండు చేతులతో తల పట్టుకుని గోడ మీద కూర్చుండిపోయాడు. స్నేహ ఏడ్చేసింది. అవ్వ మాత్రం ఏడవలేదు. కొంగుతో ఆ గీత మీద దుమ్ము తుడిచి, ఇంకా తుడిచి, తుడిస్తే పోతుందేమో అన్నట్టు తుడుస్తూనే ఉంది.

మొదటి చినుకులు పడ్డాయి. చూస్తుండగానే జడివాన అయింది. గోడల వెంట పోసిన రాళ్ళు తడిసి, తెలుపు పోయి, గులాబీ, తేనె, బూడిద రంగులు తిరిగాయి. నీళ్ళు వాటి మధ్య నుంచి దారి చేసుకుని గొట్టంలోకి గడగడమని దిగాయి. ఆ చప్పుడు విన్నాక కూడా మేం ఎవరం కదల్లేదు. తడుస్తూ, ఒక చిన్న గొట్టం నీళ్ళు మింగడాన్ని గుడ్లప్పగించి చూస్తూ నిలబడ్డాం.

సేటు మా గదికి తాళం వేసి చెవి తన దగ్గరే పెట్టుకున్నాడు. బండ మార్చి, గర్డర్ల కింద ఇంకో ఆధారం పెట్టించేదాకా మా కాపురం కింద గోదాములో. పాత కాంటాలు ఒక పక్కకు జరిపి విద్యావతమ్మ చాప పరిచింది. బాలరాజు కిటికీ ఊచకు తొట్టెల కట్టబోయి, ఊచను నాలుగుసార్లు పట్టి లాగి చూసి, మళ్ళీ విప్పేసి పాపను చాప మీదే పడుకోబెట్టాడు. అది వేడి వేడి అన్నం తిని, అవ్వ మోచేతి మీద తల పెట్టుకుని నిద్రపోయింది.

"గోడకు జరుగవ్వా, బయటి చల్లగాలి కొడ్తది" అన్నాను.

అవ్వ కదల్లేదు. పైకప్పు వైపు చూస్తోంది. ముప్ఫై ఏళ్ళుగా ఎన్నో ఇళ్ళ నెత్తి మీదికి రాయి ఎత్తిన మనిషి. ఏ ఇంట్లో కూర్చున్నా పైకి చూడగా నేను ఎరగను.

"బిడ్డా" అంది. "దీని మీద ఏమున్నది?"

"దీని మీద సేటోళ్ళు ఉంటరు."

"వాళ్ళ మీద?"

"మన గది. ఖాళీగా ఉన్నది."

"దాని మీద?"

"వాన" అన్నాను. "ఉత్త వాననే అవ్వా. పడి పోతున్నది."

కాసేపు చెవి పెట్టి విని, అప్పుడు కళ్ళు మూసుకుంది.